జబ్బకున్న ఆకుపచ్చ గుడ్డ

లాడ్ బజార్‌లో గాజుల దుకాణాలు ఇంకా షట్టర్లు ఎత్తలేదు. అప్పుడే ఆఫియా, షౌకత్ బీ గది మెట్లెక్కింది. కాళ్ళకు వేర్వేరు జతల చెప్పులు. ఎవరో గుంజుకుపోతారన్నట్టు ఫోన్‌ను గుండెకు అదుముకుంది.

షౌకత్ బీ ఒకప్పుడు మహిళా కానిస్టేబుల్. రిటైరయ్యాక గాజుల దుకాణం మీది గదిలో ఒక బల్ల, రెండు కుర్చీలు వేసుకుని, తప్పిపోయిన మనుషుల్ని వెతికే పని పెట్టుకుంది. ఆమె అసిస్టెంటు దుర్గయ్య ఆర్టీసీలో బస్సు నడిపి రిటైరయ్యాడు. ఇప్పుడు కరెంటు ఆటో నడుపుతున్నాడు. బీబీ చూపు పడితే గోడ కూడా నిజం కక్కుతుందని అతని నమ్మకం. ఆ నమ్మకాన్ని తన బస్తీలో అందరికీ పంచిపెట్టాడు కూడా.

"కూసో బిడ్డా. ముందు నీళ్ళు తాగు."

"నీళ్ళు దిగుతలేవు ఖాలా. పొద్దున నమాజ్ కాంగనే గిది వచ్చింది. మీరే చదువుండ్రి."

షౌకత్ బీ కళ్ళజోడు పెట్టుకుని చదివింది. 'మీ భర్త షాబాజ్‌ను ఈ రాత్రి మరో దేశంలోని ప్రాజెక్టుకు బదిలీ చేస్తున్నాం. కొంతకాలం ఫోన్‌లో అందుబాటులో ఉండరు. ఆందోళన వద్దు.'

మనిషిని మూటలాగా ఒక దేశం నుంచి ఇంకో దేశానికి విసిరేసి, కింద 'ఆందోళన వద్దు' అని రాయడానికి ఎంత కొవ్వు ఉండాలి! దుర్గయ్య పళ్ళు నూరాడు.

"ఏ దేశమో రాయలేదు. నువ్వు అడిగినవా?" అంది షౌకత్ బీ.

"అడిగిన. చెప్తలేరు. నాకు భయమైతున్నది ఖాలా. తూర్పు దేశాలల్ల గదులల్ల బంద్ జేసి, కంప్యూటర్ల ముంగట కూసోబెట్టి, మోసం పనులు చేపిస్తరట గదా. చెయ్యకుంటె కరెంటు షాకులిస్తరట. మా గల్లీ పిలగాడొకడు గట్లనే పోయిండు. ఇయ్యాల్టికీ పత్తా లేదు."

ఒక్కో ప్రశ్నకు ఒక్కో ముక్కగా సంగతి బయటికొచ్చింది. షాబాజ్ ఎలక్ట్రీషియన్. గల్ఫ్‌లో కరెంటు బస్సుల డిపో కడుతున్నారని, చార్జింగ్ మిషన్ల పనికి మనుషులు కావాలని, బార్కస్‌లో ఉండే ఏజెంటు బాబూమియా అతన్ని ఒక కంపెనీకి చూపించాడు. ఆ కంపెనీలో మనుషుల్ని దేశాలకు పంపే పెద్దమనిషి పేరు వెంకటనారాయణ. గ్లోబల్ మొబిలిటీ మేనేజర్ అని అతని మెడలో కార్డు వేలాడుతుంది. షాబాజ్ ఇల్లు దాటి మూడు వారాలయింది.

"ఎయిర్‌పోర్టుల విమానం దాకా సాగనంపినవా?"

"పోనియ్యలె. ఒక్కొక్కలకు నాలుగు కార్లేసుకొని వస్తె గాలి ఖరాబైతదట. పర్యావరణం అన్నరు. కంపెనీ కరెంటు బస్సు గల్లీ మొగకొచ్చి అందర్ని ఎక్కించుకొని పోయింది. వెంకటనారాయణ సార్ ఆకుపచ్చ జెండా గూడ ఊపిండు."

"మంచిదే గదా బీబీ," అన్నాడు కరెంటు ఆటో మనిషి. "పొగ లేదు, సప్పుడు లేదు."

"సాక్షి గూడ లేడు దుర్గన్నా."



'క్షేమంగా చేరి పనిలో ఉన్నారు' అన్న మెసేజ్‌తో కంపెనీ రోజూ ఒక ఫోటో పంపిస్తోంది. నెత్తిన హెల్మెట్, పైకెత్తిన బొటనవేలు, వెనక బస్సుల వరస, దాని వెనక ఆకాశమంత టవర్లు. చొక్కా రంగు మారుతోంది గానీ నవ్వు మారడం లేదు. మడిచిన చొక్కా చేతి కింద, కుడి జబ్బకు జరీ అంచున్న ఆకుపచ్చ గుడ్డ కట్టి ఉంది.

"తాయెత్తు గట్టిగనే కట్టిండ్రు," అన్నాడు దుర్గయ్య, వంగి చూసి.

షౌకత్ బీ అతని వంక వింతగా చూసింది. "ఎవరు కట్టిండ్రు బిడ్డా?"

"మా అత్తమ్మ. బస్సెక్కేటప్పుడు."

షౌకత్ బీ ఫోటోలన్నీ ఒకటి తర్వాత ఒకటి జరిపి చూసింది. ప్రతిదాంట్లో గుడ్డ ఉంది. ఆమె మొహంలో ఏదో గట్టిపడింది. దుర్గయ్యను చాయ్‌కి పంపి, షాబాజ్ గొంతు ఏమైనా ఉందా అని అడిగింది. ఒకే ఒక వాయిస్ మెసేజ్ ఉంది, పోయిన వారం వచ్చింది.

"ఆఫియా, నేను బాగున్న. తిండి బాగనే పెడుతున్నరు. ఫోన్లు కంపెనీ తాన జమ చేసినం. నువ్వు ఫికర్ చేయకు. అమ్మీకి సలాం చెప్పు."

గొంతు వెనక, దూరంగా, ఏదో బరువైన చప్పుడు. రొప్పుతున్నట్టు మొదలై, పెద్దదై, ఆయాసపడి ఆగింది.

"జనరేటర్ అనుకున్న ఖాలా."

షౌకత్ బీ మళ్ళీ మళ్ళీ విన్నది.

బార్కస్‌కు పోయే దారి పొడుగునా దుర్గయ్య ఆవలిస్తూనే ఉన్నాడు. "మా బహదూర్‌పురాల నిద్రెక్కడిది బీబీ? గోడకవతల జూ పార్కు. చీకట్ల సింహం మొదలువెడితె తెల్లారేదాంక అదే లొల్లి. మా ఇంటామె కాశమ్మకు మాత్రం చాయ్ బండి మీద గిరాకీ మస్తుగుంది. మూసేసిన ప్లాస్టిక్ గోదాంకు సుత పెద్ద పెద్ద ఫ్లాస్కులు పోతున్నయట."

షౌకత్ బీ చప్పున అతని వైపు తిరిగింది. 

బాబూమియా లుంగీ కట్టుకుని వాకిట్లో కూర్చుని ఉన్నాడు. వీళ్ళను చూడగానే లేచి అరిచాడు. "బస్తీ అంతా నా మీదనే ఉమ్ముతున్నది! మనిషిని చూపిచ్చిన, కమీషన్ తీసుకున్న, ఖతం. నా కాలంల నేనే ఎయిర్‌పోర్టు లోపల్దాక పంపేటోడిని. అవతల దిగంగనే నా మనిషి పట్టుకునేటోడు. గా పని పాతదన్నడు ఆ సారు. ఇప్పుడంత యాప్ అన్నడు."

"షాబాజ్ చేరిండని నీకెవరు చెప్పిండ్రు?"

"యాప్."

"నీ మనిషి చూసిండా?"

బాబూమియా గడ్డం గోక్కున్నాడు. "చూడలె."

షాబాజ్ తమ్ముడు సుఫియాన్ బండ్ల మెకానిక్. ఆ ఉద్యోగం తనకు రావాలని అన్నతో కొట్లాడాడు, అది గల్లీకంతా తెలుసు. అడగకముందే మీద పడ్డాడు.

"నా మీద అనుమానమా ఖాలాజాన్? మా అన్న పెద్ద భక్తుడు, ఆయన్ని నేనేం చేస్త? పోయినేడు గుల్బర్గా దర్గాకు పోయినం. బస్సు దిగంగనే అమ్మీ కట్టింది విప్పి, అండ్ల రూపాయి ఫకీర్ చేతుల పెట్టి, గప్పుడు నీళ్ళు తాగిండు. నేనైతె ఇంటికొచ్చేదాంక మర్చేపోయిన. గందుకు తిట్లు గూడ తిన్న."

"షాబాజ్ మర్చిపోడా?"

"మా అన్ననా? నమాజ్ మర్చిపోతడేమో గానీ, గది మర్చిపోడు."

వెంకటనారాయణ వీడియో కాల్‌లో దొరికాడు. ఇస్త్రీ చొక్కా, ఇస్త్రీ మాట. "మేడమ్, ప్రతి ఉద్యోగి లొకేషన్ లైవ్‌గా చూపిస్తాం." ఫోన్ తెర మీద ఎడారి, ఎడారిలో ఒక నీలి చుక్క. మొగుడి బదులు ఆ చుక్కను చూసి బతకమని ఆఫియాకు ఇచ్చారు.

"ఫోటోలు ఎవరు తీస్తరు సార్?"

"ఫోటోలు మా టీమ్. దగ్గరుండి నేనే అప్రూవ్ చేస్తాను."

"షాబాజ్ చేతికున్న గుడ్డ ఏంది?"

"తాయెత్తు మేడమ్. ఎవరి నమ్మకం వాళ్ళది. తీయమని మేం ఎవ్వరికీ చెప్పం. అది మా పాలసీ."

"మంచి పాలసీ. ఇక్కడ పోయినోళ్ళ ఇంటి ఆడోళ్ళు మీ ఆఫీసు ముంగట కూసుంటమంటున్నరు, టీవీలోళ్ళను పిలుస్తమంటున్నరు. మీరొచ్చి ఒక మాట చెప్తె సల్లగైతరు. చార్మినార్ తాన మా ఆటో ఉంటది."

ఆ పూట అతనికి కావలసింది నిశ్శబ్దం. అందుకే వచ్చాడు. షౌకత్ బీ ఈలోగా తన పాత స్టేషన్‌కు ఫోన్ చేసి చాలాసేపు మాట్లాడింది. తర్వాత ఆఫియాను తీసుకుని ముందే వెళ్ళిపోయింది.

ఆటోలో వెంకటనారాయణకు అటు బాబూమియా, ఇటు సుఫియాన్. ఇద్దర్నీ షౌకత్ బీయే రమ్మంది. ముందు దుర్గయ్య. ఆటో కదిలినప్పటి నుంచి మేనేజర్ కాలుష్యం గురించి చెప్తూనే ఉన్నాడు. ఆటో బహదూర్‌పురా వైపు మళ్ళగానే మాట ఆగింది.

"ఎక్కడికి బాబూ?"

"మా ఇంటికే సార్. చాయ్ తాగుదాం," అన్నాడు దుర్గయ్య. బీబీ ఏం చేయబోతోందో అతనికీ తెలియదు. 

కాశమ్మ చాయ్ బండి వెనక చిన్న వాకిలి. అందరూ కూర్చున్నారు. ఎండ దిగి చీకటి పడుతోంది. ఆఫియా ఆకాశంలోకి చూస్తోంది. విమానం చప్పుడు వినిపించినప్పుడల్లా ఆమె వేళ్ళు బిగుసుకుంటున్నాయి.

షౌకత్ బీ లేచి నిలబడింది.

"షాబాజ్ గల్ఫ్ చేరలేదు. అసలు ఊరే దాటలేదు."

"నాన్సెన్స్!" అన్నాడు వెంకటనారాయణ. "ఫోటోలున్నాయి, లొకేషన్ ఉంది—"

"ఫోటోలే చెప్పినయి. ఆ చేతిది తాయెత్తు కాదు సార్, ఇమామ్ జామిన్. ప్రయాణం పోయేటోళ్ళ జబ్బకు గుడ్డల రూపాయి పెట్టి కడతం. సల్లంగ చేరినంక విప్పి, ఆ రూపాయి బీదోళ్ళకు ఇయ్యాలె. తాయెత్తు ఎల్లకాలం ఉంటది, ఇది చేరేదాంకనే. షాబాజ్ దీంట్ల ఎంత పక్కానో ఆయన తమ్ముడే చెప్పిండు. మూడు వారాలైనా విప్పలేదంటె, నేనింక చేరలేదని వానికి తెలుసు. ఆ వాయిస్ మెసేజ్‌ల 'బాగున్న' అన్నడు. 'చేరిన' అనలేదు. చేరినట్టు రాసిన మెసేజ్‌లన్నీ మీయి."

ఆమె బాబూమియా వైపు చూపించింది. "ఈయన దొంగైతె, ఫోటో తీసేముందు 'అరే, అది విప్పు' అంటుండె. జీవితమంతా చూసినోడు. సుఫియాన్ అయినా గంతే. ఆ గుడ్డ అర్థం తెల్వనోడే దాన్ని ఫోటోల ఉండనిచ్చిండు. పొద్దున మా దుర్గన్న తాయెత్తు అన్నడు. గప్పుడే నాకు తట్టింది, తెల్వని మనిషి దీన్ని ఏమనుకుంటడో. తర్వాత అదే మాట మీ నోట వచ్చింది. ఇంట్లోళ్ళను ఎయిర్‌పోర్టుకు రావొద్దన్నది మీరు. గాలి బాగుండాలని కాదు, లోపలికి పోయిండ్రా లేదా ఎవరూ చూడొద్దని."

"ఇవన్నీ ఊహలు. ఇక్కడే ఉన్నాడంటే ఎక్కడున్నాడు?"

షౌకత్ బీ ఆఫియా ఫోన్‌ను బల్ల మీద పెట్టి వాయిస్ మెసేజ్ నొక్కింది. షాబాజ్ గొంతు, దాని వెనక ఆ రొప్పు. దుర్గయ్య దాన్ని వినడం అదే మొదలు. 

అంతలో జూ గోడ అవతలి నుంచి అదే చప్పుడు లేచింది. రొప్పుతూ మొదలై, వాకిలంతా నిండి, ఆయాసపడి ఆగింది. ఫోన్‌లోది, బయటిది ఒకటే. కాశమ్మ చేతిలో ఫ్లాస్కు పట్టుకుని అలాగే నిలబడిపోయింది.

"గిది మా సింహమే గద!" అన్నాడు దుర్గయ్య.

"బయట తాళమున్న గోదాంకు గన్ని ఫ్లాస్కుల చాయ్ ఎందుకు పోతున్నదో ఇంక చెప్పాల్నా సార్?"

వెంకటనారాయణ లేవబోయాడు. సుఫియాన్ భుజం మీద చెయ్యి వేసి కూర్చోబెట్టాడు. "సాగనంపుత సార్. జెండా నేనూపుత."

పోలీసు ఈల వినిపించింది. వీధి చివర గోదాం తాళం పగిలింది. లోపల పోలీసులకు కరెంటు బస్సు, గోడంత ఫ్లెక్సీ మీద బస్సుల వరస, ఆకాశమంత టవర్లు, చాపల మీద డజనుకు పైగా మగవాళ్ళు దొరికారు. పాస్‌పోర్టులున్న సంచిలో గల్ఫ్ టికెట్ ఒక్కటి లేదు. అన్నీ ఆఫియా భయపడ్డ తూర్పు దేశానికే, విజిటర్ వీసా మీద. వీసా ఆలస్యమని, గేటు దాటితే ఉద్యోగం పోతుందని చెప్పారట. ఫోటోలు 'ట్రైనింగ్ కోసం' అన్నారట. ఉద్యోగం పోతుందన్న భయం ఒక్కటి చాలు, మనవాళ్ళను తాళం లేకుండా కూడా కట్టి పడేయవచ్చు.

బయటికి వచ్చినవాళ్ళలో ఎవరూ సంతోషంగా లేరు. "ఫ్లైట్ క్యాన్సిలా?" అని ఒకడు కానిస్టేబుల్‌ను అడిగాడు. "మమ్మల్ని ఎందుకు ఆపిండ్రు?" అని ఇంకొకడు షౌకత్ బీ మీదికొచ్చాడు. ఆమె టికెట్ మీది ఊరి పేరు చదివి వినిపించింది. అతను నేల మీద కూలబడ్డాడు.

షాబాజ్ చివర వచ్చాడు. చిక్కిపోయాడు. ఆఫియా పరిగెత్తి అతని చెయ్యి పట్టుకుంది. ఏడవలేదు. కుడి జబ్బ మీది ముడి వెతికి, గోళ్ళతో విప్పడం మొదలుపెట్టింది.

"అరే, ఉండనియ్," అన్నాడు షాబాజ్, సిగ్గుపడుతూ. "ఇంక చేరలే. చేరినంకనే విప్పుమన్నది అమ్మీ."

చెమటకు ముడి బిగుసుకుపోయింది. ఆఫియా పళ్ళతో పట్టి లాగింది.

"చేరినవ్," అంది.

ముడి ఊడింది. వెనక మిగతావాళ్ళు, కొందరి జబ్బలకు అలాంటి గుడ్డలే, బస్సు పక్కన కదలకుండా నిలబడి ఉన్నారు. ఎవరూ విప్పుకోలేదు.