మూడో స్టేషన్‌లో ఆగే రైలు

కరుణశ్రీ తొలిసారి ఎడ్విన్ కొట్టుకు పోట్లాటకే వచ్చింది.

"ఏంది ఎడ్విన్ గారూ, మీరు ఎక్కించిన రైలాట మూడో స్టేషన్ కాడ బిగుసుకుపోతా ఉండాది!"

ఆత్మకూరు బస్టాండు పక్కన ఫోన్లు బాగుచేసే ఎడ్విన్‌కు ఒక పిచ్చి. పాత కంప్యూటర్ ఆటలను చేతిలో ఇమిడే గేమ్ మెషీన్లలో నడిచేలా సొంతంగా మార్చి, ఆ కోడ్ అందరికీ నెట్‌లో పెట్టేవాడు. కంపెనీలు చెయ్యని పని, పైసా రాని పని.

ఆ తర్వాత ఉదయగిరి బడిలో కంప్యూటర్ టీచరైన కరుణశ్రీ ప్రతి శనివారం వచ్చేది. 'గారూ' పోయి 'నువ్వు' వచ్చింది. రైలు మాత్రం మూడో స్టేషన్ దాటలేదు.

తప్పు ఎక్కడుందో ఎడ్విన్‌కు నాలుగో వారమే తెలిసింది. దిద్దలేదు.

ఈ శనివారం చినుకుల్లో తడిసి వచ్చింది. ముఖం వాడిపోయి ఉంది.

"రేపు కావలి నుంచి నన్ను పెళ్లిచూపులు చూసేదానికి వస్తా ఉండారు."

ఎడ్విన్ చేతిలోని స్క్రూడ్రైవర్ పక్కన పెట్టాడు. తర్వాత కోడ్‌లో తప్పున్న ఆ ఒక్క లైను దిద్ది, మెషీన్ ఆమె చేతిలో పెట్టాడు.

"ఇంక ఆగదు. నువ్వు ఇంత దూరం తిరగాల్సిన పన్లేదు."

"అంతేనా? ఇంకేం చెప్పేది లేదా?"

"లేదు."

ఆమె బస్సెక్కింది. అతను లేచి షట్టర్ సగం దించాడు. ఒళ్లంతా అలసటగా ఉంది.

షట్టర్ కింద తడి చెప్పులు కనిపించాయి.

"బస్సులో కూచుని పాత వెర్షన్ మళ్లీ ఎక్కించి, దిగొచ్చేసినాను. మూడో స్టేషన్‌లో ఆగిపోయింది."

"నీకు ఎక్కించడం వచ్చా?"

"దిద్దడం కూడా వచ్చు. కోడ్ నెట్‌లో పెట్టింది నువ్వే కదా!" ఫోన్ అతని ముఖం ముందు పెట్టింది. "ఈ లైను పక్కన ఇది రాసిందెవరు?"

తన గుర్తు కోసం రాసుకుని, తీసెయ్యడం మరిచిన మాట: 'ఇది దిద్దితే ఆమె మళ్లీ రాదు.'

"ఎప్పుడు చూసినావు?"

"మూడు నెలలైంది. నోటితో చెప్తావేమోనని వారం వారం బస్సులో నడుములు విరగ్గొట్టుకుంటా ఉండాను. నాకు ఓపిక అయిపోయింది ఎడ్విన్."

"నాక్కూడా," అన్నాడతను.

"అయితే రేపు పొద్దున్నే వచ్చి మా నాయనతో చెప్పు. ఆయనకి కోడ్ చదవడం రాదు."

ఎడ్విన్ షట్టర్ పైకెత్తాడు.

"ఉదయగిరికి మొదటి బస్సు ఎన్నింటికి?"