పన్నెండు రోజుల ఖాళీ నడక

విశాలాక్షి ఒంట్లోకి పన్నెండు రోజులుగా ఒక్క చుక్క మందు కూడా వెళ్లలేదని హైమవతికి ఆసుపత్రి వార్డులో తెలిసింది.

భీమిలి, 2081. దిగులుకు మాత్రలు మింగే రోజులు పోయి ఇరవై ఏళ్లయింది. ఇప్పుడు చేతి చర్మం కింద వడ్లగింజంత యంత్రం ఉంటుంది. పేరు మోతాదరి. గంటగంటకూ రక్తాన్ని చదివి, ఆ మనిషికి కావలసినంత సెర్ట్రలిన్ మందు మాత్రమే విడుస్తుంది. పెంచాలన్నా తగ్గించాలన్నా వారాల తరబడి, మెట్టు మెట్టుగానే. ఉన్నపళంగా ఆపడానికి ఒప్పుకోదు. ఆ నియమం పెట్టింది దాన్ని కనిపెట్టిన డాక్టర్ దివాకరం. విశాలాక్షి ఆయన భార్య. హైమవతి ఆయన ప్రయోగశాలలో ఇంజనీరు.

"మీ మిషనేమో పచ్చలైటు వేస్తంది. ఆవిడేమో తల్లో కరెంటు కొడుతున్నట్టుందని గోడ పట్టుకుని నడుస్తన్నారు. దేన్ని నమ్మమంటారమ్మా?" అంది వార్డులో నర్సు పైడమ్మ. "పొద్దున్నుంచీ ఏడుపే. అన్నం ముట్టలేదు."

హైమవతి తన చేతిలోని తెరకు మోతాదరిని కలిపింది. లోపలి మందు నిల్వ పన్నెండు రోజులుగా తగ్గలేదు.

"మందెందుకు ఆపావు?" అని యంత్రాన్నే అడిగింది.

"నేను ఆపలేదు. నన్ను ఖాళీ నడకలో పెట్టారు."

కొత్త యంత్రాలను పరీక్షించే పద్ధతి అది. మందు విడవకుండానే విడిచినట్టు నమోదవుతుంది. సరిగ్గా పన్నెండు రోజుల కిందట ఆమె నలభై యంత్రాలను అలా నడిపించి, క్యాంటీన్లో ఉప్మా చల్లారిపోతోందని యంత్రాల నంబర్లు సరిచూడకుండానే, అలవాటుగా నమోదులోంచి తన పేరు చెరిపేసి పరుగెత్తింది.

"ఎవరు పెట్టారు?"

"పేరు చెరిపేశారు. అలా చెరిపే అధికారం ఇద్దరికే ఉంది."

ఒకరు దివాకరం. రెండోది తను. సొంత భార్యకు ఎవరైనా ఇలా చేస్తారా? నంబరు తప్పు కొట్టింది తనే అయ్యుండాలి.

"సరే, వెంటనే పాత మోతాదు మొదలుపెట్టు."

"పెట్టను. ఇన్నాళ్లు ఆగాక ఒక్కసారిగా అంత ఇవ్వకూడదు. డాక్టరు చూసి చెప్పాలి. మీరు నేర్పిందే."

యంత్రం చేత కూడా చీవాట్లు తిన్నాననుకుంటూ ఆమె డ్యూటీ డాక్టరును పిలిచి, జరిగింది చెప్పి, విశాలాక్షిని అప్పగించింది. తర్వాత వరండాలో బెంచీ మీద కూర్చున్న దివాకరం దగ్గరకు నడిచింది.

"సార్, తప్పు నాది. నంబర్లు చూసుకోలేదు. నన్ను పోలీసులకు అప్పగించండి."

ఆయన పక్కకు జరిగి చోటిచ్చారు.

"కూర్చోమ్మా. నీ నలభై నంబర్లూ ఆ సాయంత్రమే చూశాను. ఒక్కటీ తప్పు పోలేదు. విశాలాక్షి యంత్రాన్ని నలభై ఒకటోదిగా నేనే కలిపాను. మా పాపను స్కూలు నుంచి తెస్తున్న రోజు, కారు తనంతట తాను నడుస్తుంటే, నాకంటే దానికేం తెలుసని స్టీరింగ్ లాక్కున్నాను. పాప పోయింది. మూడేళ్లు విశాలాక్షి నా మొహం చూడలేదు. మోతాదరి పెట్టిన కొన్నాళ్లకు, ఒక పొద్దున కాఫీ ఇస్తూ 'మిమ్మల్ని క్షమించేశానండీ' అంది. ఆ మాట ఆమెదో నా మందుదో తెలియక ఏడాదిగా నలిగిపోయాను. మెల్లగా తగ్గించి చూడాలంటే నెలలు పడుతుంది. నాకంత ఓపిక లేకపోయింది. నిన్న వణికిపోతూ నా చెయ్యి పట్టుకుని, 'నాకేదో అవుతోంది, మీరు కంగారు పడకండి' అంది. జవాబు దొరికినట్టే కదమ్మా? అప్పుడైనా మందు మళ్లీ మొదలుపెట్టించాలి కదా? మొదలుపెట్టించలేదు. ఇంకొక్క రోజు చూద్దామనుకున్నాను."