ఊటకి కట్టిన వెల

"చొక్కా గంటలో కావాలండీ," అన్నాడతను. ఒంటి మీంచి వాన నీళ్ళు కౌంటర్ మీదకి కారుతున్నాయి.

"ఒంటి మీదున్నదేనా? ఉతికేదాకా ఏం కట్టుకుంటారు, మా కర్టెనా?" అంది లాండ్రీ అమ్మాయి, దుప్పటి మడత మీంచి తలెత్తకుండానే.

అతను సంచిలోంచి ఇంకో చొక్కా తీశాడు. భుజం నుంచి అంచుదాకా ఎర్రమట్టి.

"ఇది చొక్కానా, కొండచరియా?"

"కొండ మీద జారిపడ్డాను."

"ఇంత వానలో కొండ మీద ఏం పనండీ మీకు?"

"ఖరీదు కడుతున్నా."

"దేనికి?"

"కొండకి."

అప్పుడు ఎత్తింది తల. ఎత్తకుండా ఉంటే ఎంత బాగుండేదో! కానీ ఎత్తింది, అతను చూశాడు, కౌంటర్ మీది వాన నీళ్ళు వెళ్ళి ఉతికిన దుప్పటిని తడిపాయి. ఇద్దరూ అది గమనించలేదు.

తర్వాత తీరిగ్గా చెప్పాడు. అతని ఆఫీసు భూమి మొత్తానికి ఖరీదు కడుతోందట. సముద్రాలకి, అడవులకి, గాలికి, తేనెటీగలకి, అన్నిటికీ. అతనిలాంటివాళ్ళు వందలమంది తలో ముక్కా లెక్కేస్తున్నారు. అతని వాటాకి ఈ ఊరి చివర కొండ, దాని కింద ఊట వచ్చాయి.

"భూమి మొత్తానికే! కొనేదెవరు సార్? కొని పెట్టుకునేదెక్కడ?"

"కొనడానికి కాదండీ. పోతే ఎంత నష్టమో తెలియాలి కదా."

"తేనెటీగల్ని ఎలా లెక్కేస్తారు?"

"పువ్వు పువ్వుకీ తిరిగినందుకు కూలి."

"మరి వానకి?"

"వానకి వేరే టీమ్ ఉంది."

ఆమె పకపకా నవ్వింది. ఆ రోజు నుంచి అతను ఆమెకి 'లెక్కల సారు' అయ్యాడు.

ఆ లాండ్రీ బతికేదే ఆ ఊట మీద. కొళాయి నీళ్ళలో ఉతికితే తెల్లబట్ట నాలుగు ఉతుకులకే పసుపు తిరుగుతుంది. ఊట నీళ్ళలో ఉతికితే పదేళ్ళ చొక్కా కూడా నిన్న కొన్నట్టుంటుంది. వాళ్ళకే కాదు, ఆ వీధిలో అరవై రెండు ఇళ్ళకీ తాగడానికీ వండడానికీ ఆ నీళ్ళే.

లాండ్రీలో వాళ్ళ నాన్న పెట్టిన రూలొకటుంది. ఉతికే ముందు జేబులు తిరగేయాలి, దొరికింది కవర్లో వేసి చొక్కాతో పాటు ఇచ్చేయాలి. చదవకూడదు. "జేబనేది మనిషి గుండె పక్కనుండేది. మనకెందుకమ్మా అందులో వేలు?" అంటుంటాడాయన.

లెక్కల సారు జేబులో ఎప్పుడూ ఓ బస్సు టికెట్టు, అరిగిన పెన్సిలు ముక్క, ఊట దగ్గర ఏరిన గులకరాయి దొరికేవి. ఓసారి మడతపెట్టిన చీటీ కూడా దొరికింది. ఆమె దాన్నీ కవర్లో వేసి ఇచ్చేసింది.

"చదవలేదా?" అన్నాడు, ప్రాణం ఉసూరుమన్నట్టు.

"చదవం సార్. రూలు."

"అది మీకే రాశానండీ బాబూ!"

"అయితే చేతికివ్వాలి. ఉతికే చొక్కాలో ఎవరైనా పెడతారా, విడ్డూరం కాకపోతే!"

అప్పుడు చేతికిచ్చాడు. చదివింది. ఏం రాశాడో మనకెందుకు గానీ, ఆ సాయంత్రం ఇస్త్రీ పెట్టె కింద ఓ టేబుల్‌క్లాత్ మాడింది. 'మీరు' పోయి 'నువ్వు' వచ్చింది.

ఊట గట్టు మీద కూర్చున్నప్పుడు ఓ రోజు అసలు సంగతి చెప్పాడు. కొండని రాళ్ళ కంపెనీ ఒకటి అడుగుతోంది. ఇక్కడివాళ్ళు ఊటకి చెప్పే అంకెలన్నీ కూడితే వచ్చే మొత్తం కంపెనీ ఇస్తానన్న దానికన్నా ఎక్కువుంటే కొండ ఉంటుంది. తక్కువైతే కొండ పోతుంది, దాంతోపాటే ఊటా ఎండుతుంది.

ఆమె గట్టు మీంచి లేచింది. "ఎక్కువే వస్తుందిగా?"

"రావాలి."

"వస్తుందిలే. లెక్క చేసేది నువ్వేగా!"

అంత నమ్మకం.

మర్నాడు ఇంటింటికీ ఓ ఫారం పంచాడు. అందులో ఒకే ప్రశ్న: 'ఈ ఊటని వదులుకోవడానికి మీ ఇంటికి ఎంత ఇవ్వాలి?' దాని కింద ఓ గడి.

నాన్న అంతెత్తున లేచాడు. "ఇదేం ప్రశ్న? రేపు నీ ఊపిరెంతకిస్తావనీ అడుగుతారు!"

ఆమెకీ రోషం వచ్చింది. గడికి అడ్డంగా పెద్దక్షరాలతో 'మేం అమ్మం' అని రాసేసింది. అక్కడితో ఆగిందా? చినుకుల్లోనే వీధి వీధంతా తిరిగి అందరి చేతా అదే రాయించింది. కుట్టు మిషన్ పిన్ని ఒక్కతే అప్పటికే ఐదు లక్షలని వేసి కూర్చుంది.

"సిగ్గులేదూ పిన్నీ? డబ్బిస్తే అమ్మేస్తావా?"

పాపం, ఆవిడ తల దించుకుని అంకె కొట్టేసింది.

లెక్కల సారు వీధి చివర గొడుగు కింద నిలబడి ఇదంతా చూస్తున్నాడు. తడిసిన జుట్టుతో పరుగెత్తుకొచ్చి ఆమె ఫారాలన్నీ అతని చేతిలో పెట్టింది.

"అరవై రెండూ! ఒక్కరూ అమ్మలేదు! ఎలా ఉంది?"

అతను ఫారాల వంక చూశాడు, ఆమె వంక చూశాడు. "మనసులో ఉన్నదే రాశారు," అని నవ్వాడు. ఆ నవ్వు ఆమె నెలరోజులు దాచుకుంది.

ఆ నెల చివర, ఆదివారం వచ్చి నాన్నతో పెళ్ళి మాట మాట్లాడతానన్నాడు. అందుకని నీలం చొక్కా ముందే ఇచ్చి వెళ్ళాడు. నాన్న ముందే ఒప్పేసుకున్నాడు. "పిల్లాడు నిదానస్తుడు. జేబులో రాళ్ళేసుకుంటాడు, అంతేగా! ఆ చొక్కా నేనే ఇస్త్రీ చేస్తాను," అన్నాడు.

శనివారం ఉతికే ముందు ఆమె జేబు తిరగేసింది. గులకరాయి, పెన్సిలు, ఓ కాగితం. కవర్లో వేయబోతుంటే మడత పైన తమ ఇంటి నంబరు కనిపించింది. రూలు రూలేననుకోండి. సొంత ఇంటి నంబరు కనబడ్డాక ఎవరాగుతారు?

అరవై రెండు ఇళ్ళు. ఒక్కో నంబరు ఎదురుగా ఒక్కో సున్నా. అడుగున: 'అంకె వేయని జవాబును సున్నాగా తీసుకోవాలి. మొత్తం: సున్నా.' ఆ కింద అతని సంతకం. తేదీ, ఆమె వానలో తిరిగిన రోజు మర్నాడిది.

ఆదివారం పది గంటలకి నున్నగా గడ్డం గీసుకుని వచ్చాడతను. నీలం చొక్కా, కవరు కౌంటర్ మీద ఉన్నాయి. కాగితం ఆమె చేతిలో ఉంది.

"ఇది మీ జేబులో దొరికింది."

'మీ' అని వినగానే అతని మొహంలో నెత్తురు చుక్క లేదు. "చదివావా?"

"చదివాను. ముందే తెలుసా మీకు, రాయకపోతే సున్నా అని?"

"తెలుసు."

"నేను ఇల్లిల్లూ తిరిగి రాయిస్తుంటే గొడుగేసుకుని చూస్తూ నిలబడ్డారు."

"చెప్పకూడదు. జవాబు నేర్పితే సర్వే చెల్లదంటారు. పైవాళ్ళు మళ్ళీ చేయిస్తారనుకున్నాను."

"చేయించారా?"

అతను నేల చూపులు చూశాడు. "కొండ కంపెనీకి ఇచ్చేశారు. శుక్రవారం సంతకాలయ్యాయి."

"పిన్ని ఐదు లక్షలేసింది," అంది ఆమె. "కొట్టేయించింది నేను."

"నీ తప్పేం లేదు."

"నాకు చెప్పకుండా ఉండగలిగారు. అది చాలు."

"నువ్వంటే నాకు ప్రాణం. ఈ ఉద్యోగం రేపే వదిలేస్తాను."

"వదిలేస్తే ఆ సున్నాలు మారతాయా?"

ఇంత జరిగినా అతనంటే ఆమెకి ఇష్టమే. అదే ఆమె కడుపుమంట.

సొరుగులోంచి మిగిలిపోయిన ఫారం ఒకటి తీసింది. 'ఈ ఊటని' కొట్టేసి 'ఈ అమ్మాయిని' అని రాసింది. కవర్లోని పెన్సిలు ముక్క తీసి ఫారంతో పాటు అతని ముందుకి తోసింది.

"రాయండి సార్. ఎంతిస్తే వదులుకుంటారు?"

"ఏంటిది? మనుషులకి ఇలా..."

"గడి ఉందిగా. వేయండి అంకె."

అతను పెన్సిలు పట్టుకున్నాడు. గడి మీద ఆనించాడు కూడా. కళ్ళ నిండా నీళ్ళు పెట్టుకుని పెన్సిలు కింద పెట్టేశాడు.

"నా వల్ల కాదు. నీకు నేనెంతని వేయను?"

ఆమె ఫారం తన వైపు తిప్పుకుని, ఖాళీ గడిలో గుండ్రంగా సున్నా చుట్టింది. మడిచి, సున్నాల కాగితంతో పాటు కవర్లో వేసి, నీలం చొక్కా మీద పెట్టింది.

"మీ రూలే," అంది.

లోపల్నుంచి నాన్న వచ్చాడు, ఊట నీళ్ళలో ఉతికిన తెల్లచొక్కా తొడుక్కుని, మొహం నిండా నవ్వుతో. "అబ్బాయొచ్చాడామ్మా? లోపలికి రమ్మనవేం?"

"చొక్కా కోసం వచ్చారు నాన్నా," అంది ఆమె. "ఇచ్చేశాను."