బ్రాయిలర్ ముందు రెండు నిమిషాలు

"మళ్లీ తెరిచావా తలుపు!" అంటూ దర్జీ పని చేసే అమ్మాయి ఓవెన్ తలుపును మోకాలితో మూసేసింది.

ఓవెన్ మెకానిక్ చేయి చాచాడు. నాలుగు వేళ్ల సందు ఉండేలా మళ్లీ తెరిచాడు.

"వేడంతా బయటికి పోతోంది కదా!"

"మూస్తే వేడెక్కువై పైకడ్డీ తనంతట తనే ఆరిపోతుంది. ముక్కలు మెత్తబడతాయి గానీ ఎర్రబడవు. ఈ పైకడ్డీనే బ్రాయిలరంటారు. ఇది పొయ్యి కాదు, నడినెత్తి ఎండ."

"నీ పాఠాలు తర్వాత. అవతల నాన్న!"

అతని అద్దె ఇంట్లో, ముందు గదిలో, ఆమె తండ్రి భోజనానికి కూర్చుని ఉన్నాడు. "వాడి చేతి వంట తిని, నాలుగు మాటలాడించాకే పెళ్లి సంగతి" అని వచ్చిన మనిషి. కోడిగుడ్డుకు ఈకలు పీకే రకం. మెకానిక్ ఇప్పటిదాకా ఆయనతో ఆడినవి రెండే మాటలు: "రండి సార్", "కూర్చోండి సార్".

ఉడికిన బంగాళాదుంప ముక్కల మీద చీజ్ పరిచిన ట్రేని అతను పై అరలోకి తోశాడు. ఎర్రటి కడ్డీకీ చీజ్‌కీ మధ్య జానెడు కూడా లేదు. గొంతుక్కూర్చుని, రెప్ప వేయకుండా చూడసాగాడు.

"నా మొహంకేసి ఎప్పుడైనా ఇంతసేపు చూశావా?"

"నీ మొహం మాడదుగా."

"అబ్బాయ్, ఒకసారి ఇలా రా!" తండ్రి పిలిచాడు.

"వెళ్లు. నేను చూస్తాలే" అందామె.

"నిన్న నువ్వు చూసినవి బొగ్గులయ్యాయి."

"ఫోన్ మోగితే అటు తిరిగాను, అంతే!"

"దీనికి అంత చాలు."

"అబ్బాయ్!"

ఈసారి గొంతు గరుకెక్కింది. ఆమె ముందు గది వైపు చూసింది. నాన్న మూడోసారి పిలవడు. చెప్పులు తొడుక్కుంటాడు.

"నీకు దండం పెడతాను, లే!"

చీజ్ మీద బుడగలు లేస్తున్నాయి. అతను కదల్లేదు. అవతల కుర్చీ జరిగింది. అడుగులు వీధి గుమ్మం దాకా వెళ్లి, ఆగి, వంటగది వైపు తిరిగాయి.

"పిలిస్తే పలకవేమయ్యా?"

"ఒక్క అర నిమిషం మామయ్యా" అన్నాడు మెకానిక్, తల తిప్పకుండానే.

ఆమె నోటికి చేయి అడ్డం పెట్టుకుంది. నోరు జారిన సంగతి అప్పటికి తెలిసి అతని చెవులు కందిపోయాయి. చూపు మాత్రం ట్రే మీంచి కదల్లేదు.

తండ్రి అతన్ని చూశాడు. పక్కన నిలబడ్డ కూతుర్ని చూశాడు. ప్యాంటు మోకాళ్ల దగ్గర కాస్త పైకి లాక్కుని, అతని పక్కనే గొంతుక్కూర్చుని, లోపలికి తొంగి చూశాడు.

"వెనక మూల మాడేట్టుంది. ట్రే తిప్పు, అల్లుడూ."