పూలమ్మ కాగితం

"సమ్మమ్మా! లేవే బిడ్డా, మిల్లు సైరన్ కూసింది." కట్టమ్మ మూడుసార్లు పిలిచింది. చాప మీది పిల్ల కదల్లేదు.

యాకయ్యకు విసుగొచ్చింది. "పూలమ్మా!" అని కేకేశాడు.

పిల్ల చటుక్కున లేచి నిలబడింది. "వచ్చిన మేస్త్రీ!"

కట్టమ్మ మొగుడి వైపు చూసింది. యాకయ్య తల తిప్పుకున్నాడు.

పూలమ్మ పెద్దకూతురు. రెండేళ్ల కింద జ్వరంతో పోయింది. బతికుంటే ఇప్పటికి పద్దెనిమిది. పెట్టెలో మిగిలిన ఆమె బడి సర్టిఫికెట్ చూపించి, పదమూడేళ్ల సమ్మమ్మను యాకయ్య తను పనిచేసే నూలుమిల్లులోనే పెట్టాడు. సూపర్‌వైజర్ లక్ష్మీనారాయణకు అంతా తెలుసు. ఇప్పుడు మాన్పిస్తానంటే, "దొంగ కాగితం తెచ్చింది నువ్వు. ముందు పోయేది నీ నౌకరే" అంటున్నాడు.

"సచ్చినదాని పేరు బతికున్నదానికి తగిలిస్తివి," అంది కట్టమ్మ చాప చుడుతూ. "దీని పేరు ఇదే మర్చిపోయింది."

"ఊకోవే! నా నౌకరి పోతే ఏం తింటం, దూది తింటమా?"

అప్పుడే వాకిట్లో జీపు ఆగింది. లక్ష్మీనారాయణ దిగాడు. వెనకాలే ఫ్యాక్టరీ ఇన్‌స్పెక్టర్.

"నిన్న మిల్లులో ఈ పిల్లను చూశాను. వయసు మీద అనుమానం వచ్చింది," అన్నాడు ఇన్‌స్పెక్టర్. "నీ పేరేంటమ్మా?"

"పూలమ్మ సార్. పద్దెనిమిదేండ్లు సార్." ఎక్కం అప్పజెప్పినట్టు చెప్పింది.

"చూశారా సార్! మనిషి జర పొట్టి, అంతే," లక్ష్మీనారాయణ నవ్వాడు.

ఇన్‌స్పెక్టర్ కట్టమ్మ వైపు తిరిగాడు. "నువ్వు చెప్పు తల్లీ."

"నన్నడగకుండ్రి సార్. దాని నాయిననే అడుగుండ్రి."

యాకయ్య కూతురి వైపు చూశాడు. నిజం చెబితే నౌకరి పోతుంది. చెప్పకపోతే పిల్ల మళ్లీ ఆ దూది దుమ్ములోకే పోతుంది. సమ్మమ్మ దగ్గుతూ తండ్రి ముఖంలోకి చూసింది. జుట్టులో ఇంకా నిన్నటి నూలుపోగు.

"పూలమ్మ లేదు సార్," అన్నాడు. "ఈ చేతులతోనే మట్టి చేసిన. ఇది సమ్మమ్మ. మేడారం జాతరల పుట్టింది. వచ్చే జాతరకు పద్నాలుగు నిండుతయ్."

"రేపు గేటు ఎట్ల దాటుతవో చూస్త!" లక్ష్మీనారాయణ పళ్లు నూరాడు.

"పద్నాలుగు నిండని పిల్లతో పని చేయించినందుకు ముందు మిల్లు జవాబు చెప్పాలి," ఇన్‌స్పెక్టర్ గొంతు పెంచలేదు. "యాకయ్యా, నిజం చెప్పినందుకు నిన్ను తీసేస్తే నా ఆఫీసుకు రా."

జీపు వెళ్లిపోయింది. యాకయ్య గడప మీద కూలబడ్డాడు. రేపు గేటు దగ్గర ఏమవుతుందో తెలియదు.

"సమ్మమ్మా," మెల్లగా పిలిచాడు. పిల్ల తిరగలేదు. మళ్లీ పిలిచాడు.

మూడోసారికి అనుమానంగా దగ్గరికొచ్చింది. "నన్నేనా బాపూ?"

"నిన్నే బిడ్డా... నిన్నే." యాకయ్య ఆమె తల గుండెకు అదుముకుని భోరుమన్నాడు.