నరసింగరావు ఇంటి గొంతులు

భిలాయిలో స్మృతి నగర్ చివర నరసింగరావు ఇంటి ముందు నుంచి రాత్రి పది దాటితే ఎవరూ పోరు. సెకండ్ షిఫ్టు దిగినోళ్ళు వైశాలి నగర్ మీదుగా చుట్టు తిరిగైనా ఎల్తారు గానీ, ఆ వీధిలోకి సైకిలు తిప్పరు. తాళం వేసిన ఇంట్లో ఆడమనిషి ఏడుస్తాదట... ఆ ఏడుపు ఆగీ ఆగకముందే ఒక రాజు నవ్వుతాడట.

నేను చూడలేదమ్మా. మా ఆయన సామ్యూలు చెప్పింది చెప్తన్నాను.

నరసింగరావంటే మా భిలాయి తెలుగోళ్ళలో తెలీనోడు లేడు. ఉక్కు ప్లాంటులో ఫర్నేసు దగ్గర పని, బయట నాటకాలు. రాసేదీ అతనే, ఆడేదీ అతనే. మీసం తీస్తే మహారాణి, పెడితే మాంత్రికుడు. మా ఆయన అతనికి ప్రాంప్టరు — తెర పక్కన నక్కి, మాట మర్చిపోతే అందించేవోడు. ఇరవై ఏళ్ళు అందించేడు. ఒక్కరోజు, ముందురాత్రి నైట్ షిఫ్టు చేసిన ఒళ్ళు కదా, కునుకు పట్టేసింది. నరసింగరావు మాట మర్చిపోయి స్టేజీ మీద అలాగే నిలబడిపోయేడు. జనం ఒకటే ఈలలు. ఆనాటి నుంచి ఇద్దరికీ మాటల్లేవు. క్షమించమని అడగడానికి ఈయనకి మొహం చెల్లలేదు.

ఈలోగా కొత్త రాష్ట్రం వచ్చింది, ఛత్తీస్‌గఢీ సినిమాలొచ్చేయి. నరసింగరావు రాయపూర్ ఎల్లి పోలీసు, సాధువు, ఠాకూరు — ఏ వేషమిస్తే అది కట్టేడు. డైలాగులు కూడా రాసేడట. మనోళ్ళు ఒక్కడూ టికెట్టు కొని చూళ్ళేదు, అది వేరే మాట.

ఒకరోజు తెలుగు సంఘం సెక్రటరీ గణపతిరావు రాయపూర్ నుంచి కబురు తెచ్చేడు. సినిమా ఆఫీసులో నరసింగరావు ఫోటోకి దండేసుందట! దండేసుంటే ఇంకేటి అడుగుతాం? ఆదివారానికి సంతాప సభ పెట్టేసేరు. ఎన్నడూ మెచ్చుకోని నోళ్ళన్నీ 'మహానటుడు' అన్నాయి. సమోసాలు కూడా బాగున్నాయి. మా ఆయనొక్కడే నోరిప్పకుండా వచ్చేసి, ఆ పూట అన్నం ముట్టలేదు.

ఆ తర్వాతే ఆ ఇంట్లో గొంతులు మొదలయ్యేయి.

మొన్న చలికాలం, షిఫ్టు దిగి, చలికి చుట్టు తిరగలేక ఆ వీధినే వస్తన్న మా ఆయనకి సరిగ్గా ఆ ఇంటి ముందే సైకిలు చైను ఊడింది. వంగి ఎక్కిస్తన్నాడు... లోపల్నుంచి ఆడగొంతు — "నన్ను విడిచి పోతావా నాథా..."

ప్రభువా, ప్రభువా అనుకున్నాడు. అంతలో నవ్వు... ఆనక మగగొంతు. ఓలమ్మ, అదే నాటకం! ఈయన నిద్దరోయిన నాటకం!

"ఈ సింహాసనం నాది కాదు... ఈ కిరీటం నాది కాదు... నాది..."

ఆగిపోయింది.

"నాది..." — మళ్ళీ ఆగింది.

సైకిలొగ్గేసి పరిగెడదామనుకున్నాడు. అయినా ఇరవై ఏళ్ళ అలవాటు ఎక్కడికి పోతాది? నోరు దానంతటదే గుసగుసలాడింది — "నాది ఈ మట్టి ఒక్కటే..."

ఎనక తలుపు కిర్రుమంది.

"సామ్యూలూ... ఈసారి నిద్దరోనేదేటి? ఆ మాట దగ్గరే రోజూ ఆగిపోతన్నాను."

ఇంటి పక్క సందులోంచి ఎవరో వస్తన్నారు. చీకట్లో తెల్లచీర... చీరకి పైన మీసం.

"గురూ... నువ్వు పోయేవు కదా!"

"ఎవడన్నాడు?"

"దండ..."

"అది వేషంరా! సచ్చిపోయిన తండ్రి వేషం. గోడకి దండేసిన ఫోటో, అంతే. షూటింగయ్యేక ఆఫీసులో తగిలించేరు. డైలాగు నేదు. పదకొండు సినిమాలు చేసినోడికి ఆఖరికి దక్కింది అది. నేనింటికొచ్చేసరికి మీరు సభ కూడా పెట్టేసేరు. ఎనక తలుపున వస్తన్నాను, పోతన్నాను. అందరూ అంతలా మెచ్చుకున్నాక బతికున్నానని చెప్పడానికి మనసొప్పనేదు."

మా ఆయన ఏడ్చేసేడు. అతను దగ్గరకొచ్చి, గొంతు తగ్గించి అడిగేడు — "సభలో అందరూ మాటాడేరట. నువ్వేటన్నావు?"

"ఏటీ అననేదు గురూ. నిద్దరోయినోడిని, ఏ మొహంతో అంటాను? నన్ను క్షమించు. నాకు మాట రానేదు."

అప్పుడు నరసింగరావు ఈయన చెవి దగ్గరకొంగి, మెల్లగా అందించేడట — "నరసింగరావు లాంటి నటుడు..."

"నరసింగరావు లాంటి నటుడు..."

"భిలాయిలో పుట్టలేదు, పుట్టడు."

"పుట్టలేదు..." మా ఆయన గొణిగేడు.

"గట్టిగా అనరా. ఆఖరి వరసకి వినబడాల."