కిటికీలో పచ్చికాయ

సదుం నుంచి పుంగనూరు వచ్చే దారిలో ఏ ఇంటి కిటికీలో చూసినా ఒక పచ్చి టమోటా కాయ ఉంటుంది. కొత్తవాళ్ళు అది దిష్టికి అనుకుంటారు. దిష్టికైతే గుమ్మడికాయ ఉండనే ఉంది. ఈ కాయ మాగవెలుగు కోసం.

మాగవెలుగు ఎప్పుడొస్తుందో ఎవరికీ తెలీదు. పొద్దుగూకి దీపాలు పెట్టే వేళకు నేలలోంచి ఆవిరి లేచినట్టు పసుపు వెలుతురు లేస్తుంది. పది నిమిషాలుండి పోతుంది. చూస్తూ నిలబడితే భయం మరిచిపోయి కదలబుద్ధి కాదంటారు. ఆ పది నిమిషాల్లో పచ్చికాయ పండవుతుంది, పండు కుళ్ళిపోతుంది. పోయినసారి బయట మరిచిపోయిన దూడ పొద్దునకు ముసలి ఆవై, లేవలేక పడి ఉంది. సెల్‌ఫోన్‌కు హెచ్చరిక మెసేజీ కూడా వస్తుంది, వెలుగు పోయిన అరగంటకు. అందుకే జనం కాయనే నమ్ముకున్నారు. వెలుగు మన కంటికి ఆనకముందే కాయకు తెలుస్తుంది. పొద్దుగూకాక అది పచ్చగా ఉంటేనే గడప దాటాలి.

ఆ సాయంత్రం ఇంద్రాణి పొయ్యి దగ్గర రాగిసంగటి కెలుకుతోంది. మొగుడు గోపాలప్ప టమోటా లోడుతో మధ్యాహ్నమే మదనపల్లె మార్కెట్‌కు వెళ్ళాడు. అల్లుడు శివకుమార్ కుప్పంలో గ్రానైట్ పాలిష్ పనిలో ఉన్నాడు, ఆదివారం గానీ రాడు. ఇంట్లో ఇంద్రాణి, కూతురు సౌమ్య. సౌమ్యకు ఐదో నెల. రెండుసార్లు పోయి మూడోసారి నిలిచిన కడుపు. ఇంద్రాణి ఆ పిల్లను బిందె కూడా ఎత్తనివ్వడం లేదు.

రేపటి లోడుకు కోసిన కాయలు క్రేట్లలో వెనక గదిలో ఉన్నాయి. అన్నీ దోరకాయలే. దూరం పోయే సరుకును దోరగానే కోస్తారు. ఒకసారి రంగు తిరిగిన కాయ చెట్టున ఉన్నా, చీకటి గదిలో ఉన్నా పండడం ఆపదు.

కప్పల మోత ఆగిపోయింది. ఇంద్రాణి ముందు గమనించలేదు. తర్వాత వాసన వచ్చింది. గడ్డిలో మాగేసిన మామిడిపళ్ళ వాసన. ఇది మామిడికాలం కాదు. తెడ్డు వదిలేసి కిటికీ వైపు తిరిగింది.

కాయ లేదు.

"సౌమ్యా, కిటికీలో కాయ యాడమ్మా?"

బయటినుంచి నవ్వు వినిపించింది. "నేనే తినేస్తినమ్మా, ఉప్పూ కారం అద్దుకోని. నోరు సప్పగా ఉండాదని. ఇంకోటి పెడదాంలే."

"నువ్వు యాడుండావు?"

"బట్టలు తీస్తాండా... అమ్మా, ఇట్లా వచ్చి సూడు. ఎంత బాగుండాదో..."

ఇంద్రాణి వాకిలి వైపు ఉరికింది. వరండాలో మడిచి పెట్టిన మల్చింగ్ షీటు, మొక్కల కింద పరిచే ఆ నల్ల ప్లాస్టిక్, చేతికందింది. లాక్కుని పరిగెత్తింది.

ఇంటిముందు టమోటా తోటంతా పసుపు. ప్రతి ఆకూ విడివిడిగా కనిపిస్తోంది గానీ ఏ ఆకు కిందా నీడ లేదు. తన కాళ్ళ కిందా లేదు. సౌమ్య దండెం దగ్గర, ఒక చీర గుండెలకు హత్తుకుని, మొహం పైకెత్తి నిలబడి ఉంది. ఇంద్రాణి ఆ పిల్లను సాళ్ళ మధ్యకు లాగి, పడుకోబెట్టి, షీటు కప్పి తనూ పక్కన దూరింది.

"కదలొద్దు. కడుపు నా తట్టు తిప్పు."

"ఏమయితాదమ్మా?"

"ఏమీ కాదు. కండ్లు మూసుకో."

గాలికి షీటు అంచు లేస్తోంది. పట్టుకోవాలంటే కుడిచెయ్యి బయటే ఉంచాలి. ఉంచింది. నొప్పి లేదు... వేడి లేదు... వేళ్ళ మీద చర్మం మాత్రం వదులవుతున్నట్టుంది. చుట్టూ పండిన కాయలు రాలుతున్నాయి. టప్... టప్... తర్వాత కుళ్ళు వాసన. చెయ్యి లోపలికి తీసుకుందామా అనిపించింది. తీసుకోలేదు.

చాలాసేపటికి ఒక కప్ప అరిచింది. తర్వాత అన్నీ అందుకున్నాయి.

ఇంట్లో లైటు కింద కూతురిని తలనుంచి పాదాల దాకా చూసుకుంది. జుట్టు నల్లగానే ఉంది. మొహం అదే. కడుపూ అంతే ఉంది. ఇంద్రాణి అక్కడే కూలబడి ఏడ్చింది. తన కుడిచెయ్యి తన నాయనమ్మ చెయ్యిలా ముడతలు పడి, గోళ్ళు వంకర తిరిగి ఉంది. కొంగులో దాచుకుంది. చెయ్యి పోతే పోనీ.

గోపాలప్పకు ఫోన్ చేసింది. అతను అంతా విని, "నువ్వు కప్పే లోపల సౌమ్య వెలుగులో ఎంతసేపు ఉండె?" అన్నాడు.

"రెండు సీరలు తీసేంతసేపు."

"మొకం మారలే గదా. ఏం కాలేదులే. సీకట్లో పడుకోబెట్టు. నేను వస్తాండా."

కిటికీ లేని గది వెనకదొక్కటే. సౌమ్యను క్రేట్ల పక్కనే చాపేసి పడుకోబెట్టింది. ఆ పిల్ల వెంటనే నిద్రపోయింది. ఇంద్రాణి ఫోన్ వెలిగించి క్రేట్ల వైపు చూసింది. పొద్దున దోరగా ఉన్న కాయలు ఇంకో ఛాయ ఎర్రబడ్డాయి. గది తలుపు మూసే ఉండింది. వీటికి ఏ వెలుగూ తగల్లేదు. తగలనక్కర్లేదని ఆమెకు తెలుసు. ముప్పై ఏళ్ళుగా తెలుసు.

రెండు చీరలు తీసేంతసేపు...

ఎడమచెయ్యి కూతురి కడుపు మీద పెట్టింది. పెరగలేదు. ఐదో నెల కడుపే. లోపల ఏదో కదిలింది. కదిలి, ఆమె అరచేతి కిందికి వచ్చి ఆగింది. ఒక వేలు ఆనింది... ఇంకొకటి... ఐదూ.

"అమ్మా, సెయ్యి తియ్యి," అంది సౌమ్య నిద్రలోనే. "బరువుగా ఉండాది."

ఇంద్రాణి చెయ్యి తీసింది. చర్మం కింద లోపలి చెయ్యి అట్లాగే ఆని ఉంది. అది ఇంద్రాణి చేతికంటే పెద్దది.